చచ్చి లేచిన డేనిష్ రౌతు

నేను రిటైరవడానికి రెండేళ్ళ ముందు, మార్చి నెలలో, నాకు నాలుగు డబ్బాల ఫిల్మ్ అప్పగించారు, డబ్బాకొక రీలు. వర్జీనియాలోని ఒక ఫిల్మ్ ఆర్కైవ్‌లో అప్పుడు నేను సీనియర్ కన్సర్వేటర్‌ని. అంటే, పాడవుతున్న పాత రీళ్ళను పరీక్షించి, బాగుచేసి, కొత్త ఫిల్మ్ మీదికి ఎక్కించే పని. మేముండే హెర్న్‌డన్‌లో చుట్టుపక్కల అందరూ సాఫ్ట్‌వేర్ వాళ్ళే. నా ఉద్యోగం గురించి చెబితే "ఓ, వీడియో ఎడిటింగా ఆంటీ?" అనేవారు. అవునని ఊరుకునేదాన్ని.

ఆ డబ్బాల్లో ఉన్నది మాటలు రాని కాలపు డేనిష్ చిత్రం. కథానాయకుడు ఆక్సెల్ అనే నటుడు. నాటకాల్లోంచి వచ్చి, కోపెన్‌హాగన్ స్టూడియోల్లో సర్కస్ రౌతు వేషాలతో పేరు తెచ్చుకున్నాడు. తర్వాత అమెరికా వచ్చి, ఇక్కడ వేషాలు దొరక్క వడ్రంగం చేసుకుని బతికాడు. అతని చిత్రాలేవీ మిగల్లేదనే పుస్తకాల్లో రాశారు. ఒహాయోలో ఉన్న అతని మనవరాలు ఇంగ్రిడ్‌కు ఎనభై దాటాయి. తాతను ఒక్కసారైనా తెర మీద చూడాలని ఉందని ఆవిడ మా ఆర్కైవ్‌కు ఉత్తరం రాసింది.

చిక్కేమిటంటే, మూడో రీలు చివర ఆక్సెల్ గుర్రం మీంచి పడి చనిపోతాడు. నాలుగో రీలు మొదట్లోనే లేచి కూర్చుంటాడు, పెళ్ళి కూడా చేసుకుంటాడు! చచ్చినవాడు లేవడు కనుక ఇవి రెండు వేరువేరు చిత్రాల ముక్కలని మా కేటలాగ్‌లో ఎవరో ఎప్పుడో తేల్చేశారు. ముక్కలకు పునరుద్ధరణ వరసలో ఆఖరి స్థానం. ఆ కాలపు నైట్రేట్ ఫిల్మ్ మన కోసం ఆగదు. మొదట జిగురు పడుతుంది, తర్వాత పొడి అయిపోతుంది. మూడో రీలుకు అప్పటికే జిగురు మొదలైంది. వరస వచ్చేసరికి ఆక్సెలూ ఉండడు, ఇంగ్రిడూ ఉండదు. నాకు ఒళ్ళు మండింది.

భోజనాల దగ్గర మా ఆయన మూర్తిగారికి చెప్పుకుని విసుక్కున్నాను. ఆయన పప్పు వడ్డించుకుంటూ నవ్వారు.

"డెడ్ బాడీ లేస్తే ప్రాబ్లమేంటోయ్? మా తెనాలిలో నాటకమాడితే, జనం వన్స్‌మోర్ అన్నారంటే చచ్చినోడు కూడా లేచి, పద్యం పాడి, మళ్ళీ చచ్చేవాడు. టికెట్ కొన్నోడి ఇష్టం!"

"ఇది సినిమా అండీ, వన్స్‌మోర్‌కి ఎవరు లేస్తారు?" అన్నానే గానీ, చేతిలో ముద్ద చేతిలోనే ఆగిపోయింది. ఆ రోజుల్లో డేనిష్ కంపెనీలు రష్యా ప్రేక్షకుల కోసం విషాదాంతం, మిగతా దేశాలకు సుఖాంతం విడివిడిగా తీసి పంపేవి. ఆ సంగతి నేను చదివిందే.

మర్నాడు రెండు రీళ్ళనూ బల్ల మీద పక్కపక్కన పెట్టి, చేత్తో తిప్పుతూ భూతద్దంతో చూశాను. రెండింటిలోనూ ఆక్సెల్ చొక్కా ఎడమ భుజం దగ్గర ఒకే తీరున చిరిగి ఉంది. వెనక నిలబడ్డ జనం అదే వరసలో ఉన్నారు. అన్నిటికన్నా గట్టి సాక్ష్యం ఫ్రేము అంచు. ఫిల్మ్‌కు వెలుతురు తగిలే కిటికీ ప్రతి కెమెరాలోనూ ఉంటుంది. దాని అంచున ఉన్న గాట్లు ప్రతి ఫ్రేములోనూ పడతాయి. వేలిముద్రల్లాగే ఏ కెమెరావి ఆ కెమెరాకే. రెండు రీళ్ళలోనూ ఒకటే గాటు! ఇవి ఒకే చిత్రానికి తీసిన రెండు ముగింపులు.

మా విభాగాధిపతి లిండా కళ్ళద్దాలు తుడుచుకుని మళ్ళీ చూసింది. అయితే మన దగ్గర ఉన్నది పూర్తి చిత్రమేనంటూ, నా ఎదుటే దాన్ని వరసలో మొదటికి తెచ్చింది.

బాగుచేసిన చిత్రాన్ని మా హాల్లోనే వేశాం. విషాదాంతం ముందు, సుఖాంతం తర్వాత. చనిపోయేటప్పుడు ఆక్సెల్ గుండెలు బాదుకోలేదు, చేతులు చాచలేదు. గుర్రం ఎటు పోయిందోనని ఒకసారి చూసి కళ్ళు మూశాడంతే. ఆ తర్వాత అతను లేచి కూర్చునేసరికి జనం కూడా లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. నేనూ చేతులు నొప్పెట్టేదాకా కొట్టాను. ఒహాయో నుంచి వచ్చిన ఇంగ్రిడ్ నా చెయ్యి పట్టుకుని, ఇన్నాళ్ళూ తాతను మంచి వడ్రంగి అనే అనుకున్నామని అంది.

పాత రీలులో తప్పులాంటిది కనిపిస్తే, అది ఎవరికి చూపించడానికి తీశారో ముందు అడగాలి. కొత్తగా చేరినవాళ్ళకు ఆ తర్వాత నేను మొదట నేర్పింది అదే. మా కేటలాగ్‌లో ఆక్సెల్ పేరు కింద ఇప్పుడు ఒక పూర్తి చిత్రం ఉంది. ముగింపులు రెండు.