మా మిట్టకు పేరు పెట్టబోయి

మాది ఊరు కాదట. పంచాయతీ ఆఫీసులో ఒక పెద్దమనిషి నా మొహం మీదే చెప్పాడు. పుంగనూరు నుంచి మదనపల్లె పోయే దారిలో, ఒక మలుపు దగ్గర బస్సు దిగి కొంచెం లోపలికి నడిస్తే మిట్ట వస్తుంది. దాని మీద నాలుగు వరసల ఇళ్లు, ఒక నీళ్ల ట్యాంకు, గుడిసె అంత అంగడి. అదే మేము. మాకు వేరే పంచాయతీ లేదు, సర్పంచి లేడు. మిట్ట కింద ఉన్న పెద్ద ఊరి లెక్కలోనే మమ్మల్నీ కలిపేశారు. కింది ఊరివాళ్లు మమ్మల్ని మిట్టమీదోళ్లు అంటారు. మేము మాత్రం ఏ పేరూ వాడం. ఎక్కడికి పోతున్నావంటే "ఇంటికాడికి" అంటాం. అన్నేళ్లూ దాంతోనే సరిపోయింది.

నాకే సరిపోలేదు. నేను కుప్పంలో ఒక కాలేజీలో తెలుగు పాఠం చెప్తాను. మా అమ్మానాన్నలు కూలికి పోయినవాళ్లు. మిట్ట మీద మొదట నెల జీతం ఎత్తింది నేనే. ఇప్పుడు మా చెల్లెలు మదనపల్లెలో నర్సు, పక్కింటాయన కరెంటు లైన్‌మన్, ఇంకో ఇద్దరు బస్సు డ్రైవర్లు. ఇంతమంది ఉద్యోగస్తులున్న చోటికి పేరు లేకపోవడం నాకు తల కొట్టేసినట్టుగా ఉండేది. కాలేజీలో తోటి లెక్చరర్లు "మీ ఊరేది సార్?" అంటే పుంగనూరని చెప్పేవాణ్ణి. పుంగనూరు నుంచి వచ్చినవాడు ఎదురైతే మదనపల్లె అనేవాణ్ణి. ఒకసారి ఇద్దరూ ఒకే గదిలో కూర్చుని ఉన్నారు. ఆ రోజు నాకు గొంతు బాగాలేదు.

అందుకని ఊరికి నేనే పేరు పెట్టాలనుకున్నాను. ఏం పేరన్న దానికి పెద్దగా ఆలోచించలేదు. మా తాత పేరు చివర అప్ప ఉంది. దానికి పురం తగిలించాను. వినడానికి ఎక్కడో రాజులు ఏలిన చోటులా ఉంది. మా తాతే అందరినీ వెంటబెట్టుకుని కింది ఊరు వదిలి వచ్చి ఈ మిట్ట మీద నిలబెట్టాడని నా నమ్మకం. ఎవరు చెప్పారంటే ఏం చెప్పను? ఎవరూ చెప్పలేదు. నాయకుడి మనవణ్ణి కాకపోతే నాకింత వాక్చాతుర్యం ఎక్కణ్నుంచి వస్తుందని నాకు నేనే చెప్పుకున్నాను.

పుంగనూరు బస్టాండు పక్కన బోర్డులు రాసే భాయి దగ్గరికి పోయాను. పచ్చ రేకు మీద తెల్ల అక్షరాలు కావాలని చెప్పాను. ఆయన కాగితం మీద ఉన్న పేరును రెండుసార్లు చదివాడు.

"ఇది యాడుండాది సార్? ఇన్నేండ్లుగా బోర్డులు రాస్తాండా, ఈ ఊరి పేరు ఇనలేదే."

"మా ఊరే భాయ్. మిట్ట మీద."

"మిట్టమీదోళ్లా! ఆ మాట ముందే సెప్పకూడదా? నా బీబీ ఆడినించే కోడిగుడ్లు తెస్తాది. దానికి ఇంత పెద్ద పేరుండాదా?"

"ఇప్పుడు పెడతాన్నా."

ఆయన "మంచిది సార్. బిడ్డకు గడ్డాలొచ్చినాక నామకరణం," అని కుంచె తీసుకున్నాడు.

ఒక ఆదివారం పొద్దున మిట్టకు ఎక్కే దారి మొదట్లో బోర్డు పాతించి, దానికి మా ఇంట్లో దుప్పటి కప్పాను. షామియానా వేయించాను. మైకు పెట్టించాను. అందరూ వచ్చారు. ఆదివారం కాబట్టి వచ్చారు, ఉప్మా ఉందని తెలిసి కూడా వచ్చారు. ముందు వరసలో మా అవ్వ కూర్చుంది. అవ్వంటే మా తాత చెల్లెలు, మిట్ట మీద అందరికంటే పెద్దది. ఆమె పక్కన ఆమె మరిది. మేమంతా ఆయన్ని చిన్నతాత అంటాం. మిట్ట మీదికి మొదట వచ్చినవాళ్లలో మిగిలింది వాళ్లిద్దరే. వాళ్లను ముందే అడిగి తెలుసుకోవచ్చు కదా అని ఆ తర్వాత మా చెల్లెలు చాలాసార్లు అంది. పాఠం చెప్పేవాడికి అడిగే అలవాటు తక్కువ.

నేను మైకు పట్టుకున్నాను. మా తాత కాగడాలా ముందు నడిచాడన్నాను. వెనక నడిచిన జనం కళ్లలో ఆ వెలుగు మెరిసిందన్నాను. ఆయన అడుగు పెట్టిన చోట రాళ్లు మెత్తబడ్డాయని కూడా అన్నాను. చప్పట్లు పడ్డాయి. దుప్పటి లాగబోతుంటే అవ్వ చెయ్యెత్తింది.

"నాయనా, ఆ మైకు ఇట్లియ్యి."

ఆశీర్వదిస్తుందనుకుని ఇచ్చాను. ఆమె దాన్ని అటూ ఇటూ తిప్పి, గడ్డానికి ఆనించుకుంది.

"బాగా సెప్పినావు. కానీ మాయన్న యాడ ముందొచ్చినాడు? అందురికంటే కడాన గదా వచ్చింది."

షామియానా కింద ఎవరో కిసుక్కుమన్నారు. నేను నవ్వుతూనే, "అంటే అవ్వా, అందరినీ ముందు పంపించి..." అన్నాను.

"ఏం పంపించె! మమ్మల్ని పిల్సుకోనొచ్చింది మీ జేజి."

మా ప్రాంతంలో నాన్న తల్లిని జేజి అంటారు. నాకు ఊహ తెలియకముందే ఆమె పోయింది. ఆమె గురించి నాకు తెలిసిందల్లా రాగిసంగటి బాగా చేసేదని మాత్రమే.

అవ్వ చెప్పుకుపోయింది. అప్పుడు మావాళ్ల ఇళ్లు కింది ఊరికి ఒక పక్కగా ఉండేవి. ఊరి బావి దగ్గర మావాళ్లు తాడు ముట్టకూడదు. కడవలు వరసగా పెట్టుకుని, ఊళ్లోవాళ్లు ఎవరైనా తోడి పోసేదాకా కూర్చోవాలి. ఒక ఎండాకాలం పొద్దున్నించీ కూర్చున్నారు. అవ్వకు అప్పుడు ఓణీ వయసు.

"ఎండ నెత్తిమీదికొచ్చె. ఎవురూ పొయ్యలా. ఒగాయమ్మ వచ్చి నీళ్లు సేదె. మాకేమో అనుకొని మేం లేస్తిమి. ఆయమ్మ ఆ నీళ్లతో బర్రెను కడిగె."

"బర్రె కాదొదినా, ఎద్దులకు తాపించె," అన్నాడు చిన్నతాత.

"నువ్వుంటివా ఆడ? బర్రె!"

"ఎద్దులు! నేను సెట్టు మింద నించి సూస్తాంటి."

ఇద్దరికీ బర్రె మీద చాలాసేపు నడిచింది. మైకు అవ్వ చేతిలో ఉంది కాబట్టి బర్రే గెలిచింది.

"అప్పుడు మీ జేజి లేచె. కడవ సంకనేసుకొని, 'నడవండే' అనె. ఈ మిట్ట మింద బండలో నీళ్ల దొన ఉండాది, గొర్రెలోళ్లు ఆడ తాపేది. మేం ఆడోళ్లమంతా ఆడికొచ్చి కడుపు నిండా తాగితిమి. పొద్దు గూకుతాంటే ఇంటికి పోదామొదినా అంటి. మీ జేజి 'ఏ ఇల్లు?' అనె. ఆణ్నే మూడు రాళ్లు పెట్టి గంజి కాసె."

మా చెల్లెలు చంకలో బిడ్డను ఇంకో చంకకు మార్చుకుని నిలబడిపోయింది.

మగవాళ్లు ఒకరి తర్వాత ఒకరు వచ్చి కొమ్మలు నాటి, బోదగడ్డి కప్పి గుడిసెలు వేశారట. మా తాత మాత్రం రాలేదు. కింది ఊరి ఆసామి దగ్గర జీతానికి ఉండేవాడు. ఆసామికి భయపడి అక్కడే ఉండిపోయాడు.

"మరి ఎందుకొచ్చినాడు?" అని లైన్‌మన్ వెనకనుంచి అడిగాడు.

"కూడొండేదెవురు?" అంది అవ్వ. "దినాలు దినాలు కాల్చిన గెణుసుగడ్డలు తినె. కడాకు ఒగ మజ్జానం ఇసుర్రాయి నెత్తికెత్తుకొని వచ్చె. మీ జేజి పలకలా. రాయి యాడ దించల్నో తెలీక ఎండలో అట్లనే నిలబడె. పాపం, మెడ వంగిపోతాండాది. అప్పుడు మీ జేజి, 'దించు, రాగులు ఇసరల్ల' అనె."

ఈ విషయంలో చిన్నతాత కూడా ఎదురు చెప్పలేదు. "అది నిజమే," అన్నాడు. "రాయి దించనీకి నేనే సెయ్యేస్తి."

జనమంతా బోర్డు వైపు చూశారు. నేను దుప్పటి ముందు నిలబడి ఉన్నాను. దాని వెనక తెల్లటి అక్షరాల్లో సంగటి కోసం వచ్చిన మా తాత ఉన్నాడు. "ముందు ఉప్మా తినండి, సల్లారిపోతాది," అన్నాను. ఆ రోజు నేను మాట్లాడిన మాటల్లో అందరికీ నచ్చింది అదొక్కటే.

ఉప్మా తింటూ మా చెల్లెలు, "అయితే జేజి పేరే పెడదాం. ఏం పేరు అన్నా, జేజిది?" అంది.

నాకు తెలియలేదు. అవ్వ వైపు చూశాను. "నేను వదినా అంటి," అంది. చిన్నతాతకు ఆమె అక్క. మా తాత ఆమెను "ఇదో" అని పిలిచేవాడు. కింది ఊరివాళ్లు "వసే" అనేవాళ్లు. మా అమ్మో నాన్నో ఉంటే చెప్పేవాళ్లేమో. ఒక ఊరిని మొదలుపెట్టిన మనిషి పేరు ఆమె కట్టిన ఊళ్లో ఎవరికీ తెలియదు. పొద్దున్నే కాగడాలూ వెలుగులూ అన్న నేను ఉప్మా ప్లేటు పక్కన పెట్టేశాను.

ఇలాంటప్పుడు చదువుకున్నవాడు పరిశోధన మొదలుపెడతాడు. జేజి పుట్టిల్లు తంబళ్లపల్లె పక్కన ఒక పల్లె. మదనపల్లెలో బస్సు మారి, ఎవరో గొర్రెలాయన మోపెడ్ వెనక కూర్చుని, వేరుశనగ చేల మధ్య దుమ్ము తింటూ చేరాను. అక్కడ ఇద్దరు ముసలమ్మలు ఆమెను ఎరుగుదుమన్నారు. చాలా సంతోషపడ్డాను. ఇద్దరూ రెండు పేర్లు చెప్పారు. రెండూ అమ్మవారి పేర్లే, కానీ వేరే వేరే అమ్మవార్లు. నేను ఒకరిని నమ్మితే ఇంకొకరు తిట్టారు. ఇద్దరినీ నమ్ముతానంటే ఇద్దరూ కలిసి తిట్టారు. ఒకామె మాత్రం నేను బండెక్కుతుంటే అంది: "పేరుకేముండాది లేబ్బా. మొండిది. చిన్నప్పుడు నాతో కొట్లాడి వారం దినాలు పలకలా. నేనే పోయి పలకరిస్తి."

ఆ మాట మోసుకొచ్చి ఇంట్లో చెప్పాను. మా చెల్లెలు వింటూ బిడ్డకు అన్నం పెడుతోంది. "అందరం ఆమెను ఏమని పిలుస్తాం? జేజి అనే కదా. జేజిమిట్ట అని రాపించు, అయిపోతాది," అంది. నాకు తట్టనందుకు కొంచెం కోపం వచ్చింది. వ్యాకరణం ప్రకారం ఏమైనా తప్పు దొరుకుతుందేమో అని రెండు రోజులు చూశాను. దొరకలేదు.

భాయి పచ్చ రేకు మీద మళ్లీ రంగు కొట్టి కొత్త పేరు రాశాడు. ఈసారి షామియానా పెట్టలేదు. మైకు అసలే పెట్టలేదు. లైన్‌మన్ గుంత తీస్తే నేను స్తంభం పట్టుకున్నాను.

ఆ వారంలోనే అవ్వ దొన చూడాలంది. ఇప్పుడు ఇంటింటికీ కొళాయి ఉంది కాబట్టి అటు ఎవరూ పోవడం లేదు. స్కూటర్ మీద ఎక్కించుకుని, పోగలిగినంత దూరం పోయాను. అక్కణ్నుంచి చెల్లెలూ నేనూ చెరో పక్క పట్టుకుని నడిపించాం. వానలు బాగా పడ్డాయి కాబట్టి బండ పగులులో నీళ్లు నల్లగా నిలిచి ఉన్నాయి. అవ్వ బండ మీద కూర్చుని, "ఓ గుక్కెడు తెచ్చియ్యి నాయనా," అంది.

చెల్లెలు దిగుతానంటే వద్దన్నాను. ఇస్త్రీ ప్యాంటు మోకాళ్ల దాకా మడిచి, వాటర్ బాటిల్ పట్టుకుని దిగాను. పాచి మీద కాలు జారింది. నడుం దాకా నీళ్లలో కూర్చుండిపోయాను. మా చెల్లెలు ముందు నర్సులాగా "దెబ్బ తగిలిందా?" అని, తర్వాత బండ పట్టుకుని నవ్వింది. అవ్వ పళ్లు లేని నోరంతా తెరిచి నవ్వింది. "మీ తాత గూడా ఇట్లనే పడె, మొదుటి దినం," అంది. నన్ను ఓదార్చడానికి ఆమె కల్పించిందో, నిజమో, ఇప్పటికీ తెలియదు. అడగలేదు.

బాటిల్ నింపి పైకి అందించాను. మా చెల్లెలు తాగవద్దంది, కాచి వడపోయాలంది, కడుపులోకి ఏమేం పోతాయో పేర్లతో సహా చెప్పింది. అవ్వ అంతా విని, బాటిల్ ఎత్తి తాగింది.

"ఎట్లుండాయి అవ్వా?" అన్నాను, తడిసిన చొక్కా పిండుకుంటూ.

ఆమె మూతి తుడుచుకుంది.

"ఏం బాగలేవు. అప్పుడు గూడా ఇట్లనే ఉండె," అని బాటిల్ చెల్లెలి చేతికిచ్చి, "నువ్వూ తాగు," అంది.