నేనడిగిన అయిదు ఎందుకులు

నోరు లేక నష్టపోయినవాళ్ల కథలు మీరు చాలానే విని ఉంటారు. నేను నోరు తెరిచి పరువు పోగొట్టుకున్న ఆదివారం గురించి చెబుతాను, వినండి.

అప్పుడు హైదరాబాద్ నాచారంలో మూడు మిషన్లు పెట్టి గుడ్డ సంచులు కుట్టించేదాన్ని. మా దగ్గర కొనే ఒకే ఒక్క పెద్ద షాపు వాళ్లు వేరేవాళ్లను చూసుకున్నారు. నాతో కుట్టే యాదమ్మక్క రోజూ వచ్చి, ఖాళీ మిషన్‌కు నూనె వేసి వెళ్లేది. అది చూస్తేనే నాకు భయం.

ఉప్పల్‌లో వ్యాపారస్తుల పరిచయాల సభ ఉందని ఆమే తెలుసుకుని వచ్చింది. "పోయి నలుగురితోని మాట్లాడు లతా. సంచులు నడ్సుకుంట పోయి అమ్ముడుపోవు గద."

నలుగురితోనా? ఆటో ఆపమనలేక రెండు వీధులు దాటిపోయి, వెనక్కి నడిచొచ్చే మనిషిని నేను. అందుకని ముందురోజు ఫోన్లో 'డిజైన్ థింకింగ్' పాఠం చూశాను. మన సరుకు గురించి చెప్పకూడదట. ఎదుటివాళ్ల ఇబ్బంది అడగాలట. అయిదుసార్లు "ఎందుకు" అంటే అసలు కారణం బయటపడుతుందట. చివర్లో మన కార్డు చేతిలో పెట్టాలట. వేళ్లు మడుస్తూ సాధన చేశాను.

సభలో అందరూ పెళ్లికొచ్చిన చుట్టాల్లా కలిసిపోతున్నారు. నేను హాల్‌టికెట్ మరిచిపోయిన పిల్లలా ఒక మూలకు చేరి, అక్కడున్న తలుపుకు వీపు ఆనించాను. చేతిలో విజిటింగ్ కార్డులు చెమటకు తడిసిన అప్పడాల్లా వంగిపోయాయి.

ఇంతలో ఒక పెద్దాయన గబగబా నా వైపే వచ్చాడు. మెడలో వేలాడే కార్డు మీద 'బియ్యం మిల్లు' అని ఉంది. బియ్యమంటే సంచులే కదా. నా గుండె మిషన్ కంటే వేగంగా కొట్టుకుంది.

"నమస్తే సార్. మీకున్న ఇబ్బంది ఏంది?"

"జర జరుగమ్మా, అర్జెంటున్నది."

"ఎందుకు సార్?"

"పొద్దుగాల నుంచి నాలుగు చాయ్‌లు తాగిన."

"ఎందుకు సార్?"

"కలిసినోళ్లందరు ఇచ్చిన్రు."

"ఇస్తే ఎందుకు తాగిన్రు సార్?"

"వద్దంటే బాగుండదని. షుగర్ మనిషిని తల్లీ, ఆగలేను."

మనిషి మనసు విప్పుతున్నాడని సంబరపడి నాలుగో వేలు మడిచాను. "మరెందుకు ఆగిన్రు సార్?"

"నువ్వు తలుపుకు అడ్డమున్నవ్ గనక."

అయిదోది వద్దనుకున్నా నోరు ఆగలేదు. "ఎందుకు సార్?"

"అది నిన్నే అడగాలె."

వెనక్కి తిరిగి చూశాను. తలుపు మీద 'పురుషులు' అని రాసుంది.

పక్కకు దూకుతూ ఆయన చేతిలో 'గుడ్డ సంచులు' అని ఉన్న నా కార్డు పెట్టాను. పాఠంలో అలాగే చెప్పారు మరి. ఆయన కార్డుతో సహా లోపలికి పరుగెత్తాడు.

నాచారం దాకా నడిచే వచ్చాను. ఆటో డ్రైవరుకు కూడా ముఖం చూపించే ధైర్యం లేదు. అడగందే అమ్మైనా పెట్టదంటారు. అడిగితే ఉన్న పరువు కూడా పోతుందని ఎవరూ చెప్పరు.

మర్నాడు ఫోన్ మోగింది. "తలుపు కాడ నిలబడ్డ బిడ్డవేనా? అయిదు కిలోల బియ్యం సంచులు నాలుగు నమూనాలు పట్టుకరా. నా కష్టం గంత ఓపిగ్గ అడిగినోళ్లు మా ఇంట్ల సుత లేరు."

"ఎందుకు" అన్న మాట గొంతు దాకా వచ్చింది. మింగేశాను.

ఆ రోజే గంభీరంగా ప్రమాణం చేశాను. ఇకమీదట ఎవరి ఇబ్బంది అడగాలన్నా, ఆ ఇబ్బంది నేనే కాదు కదా అని ముందు చూసుకుంటాను.