సున్నపుచుక్క పెట్టిన చింతగింజ

ఈ సంగతి ఇంతవరకూ ఎవరికీ చెప్పలేదు: ఎవరైనా పిలిస్తే పలకడానికే బెదిరే నేను, ఒకప్పుడు ఆదోనిలో ఫుట్‌బాల్ టీమును నడిపాను. మొన్న మా చెల్లెలి మనవడు కంప్యూటర్ ముందు కూర్చుని, బంతిని తాకే పనే లేకుండా, ఎవరిని ఆడించాలో ఎవరిని పక్కన పెట్టాలో తేల్చుకుంటుంటే వెనక నిలబడి చూశాను. "ఇది నీకు అర్థం కాదులే అవ్వా" అన్నాడు. నాకు నవ్వొచ్చింది.

డెబ్భైల చివర్లో మా అన్న జిన్నింగ్ మిల్లులో పనిచేస్తూ సాయంత్రాలు మైదానంలో ఆడేవాడు. ఆడపిల్లలు అటు పోయే రోజులు కావు కనుక ఆయన ఆట నేనెన్నడూ చూడలేదు. ఇంటికొచ్చి చెబితే విని డైరీలో రాసుకునేదాన్ని. గుండె చెడిందని, ఇక పరుగెత్తకూడదని డాక్టరు చెప్పాక, అన్న మైదానాన్ని మంచం మీదికే తెచ్చుకున్నాడు. దుప్పటి మీద నా చింతగింజలు ఆదోని టీము, ఆయన గురిగింజలు ఎమ్మిగనూరు టీము. గవ్వలు ఎన్ని వెల్లకిలా పడితే అన్ని గోల్స్. వరసగా రెండు ఆటలాడిన గింజ అలిసినట్టు లెక్క. దాన్ని గిన్నెలో వేసి వేరే గింజను దింపాలి, లేకుంటే ఒక గవ్వ తక్కువ వేయాలి. ఎవరిని ఎప్పుడు కూర్చోబెట్టాలన్నదే ఆటంతా.

నా గింజల్లో ఒకదానికి సున్నపుచుక్క పెట్టాను. అది అన్న. దాన్ని గిన్నెలో వేయడానికి నాకెన్నడూ చేయి రాలేదు, అందుకే ఎప్పుడూ ఓడేదాన్ని.

"అలిసినోన్ని ఆడిస్తాండావు, మళ్లా ఓడిపోతివి" అని అన్న ఎగతాళి చేస్తే, వంటింట్లోంచి అమ్మ అందుకునేది: "దానికి ఎమ్మిగనూరోళ్ల మీద అంత ప్రేమ యాలనో, ఆ ఊరికే ఇచ్చి పెండ్లి చేద్దాంలే."

ఎండలు ముదిరేసరికి అన్నకు గవ్వలు ఎత్తే ఓపిక కూడా పోయింది. ఆయన గవ్వలూ నేనే వేసేదాన్ని.

మనవడి ఆటలో అలిసినవాడి పేరు పక్కన ఎర్ర గుర్తు వస్తే, వాడు ఒక్క నొక్కుతో తీసేస్తాడు. వాడికి బాధ లేదు, ఉండనక్కరలేదు కూడా. ఇప్పుడు ఆడపిల్లలు బూట్లు వేసుకుని మైదానానికి పోతున్నారు, చూసినప్పుడల్లా అన్నకు చెప్పాలనిపిస్తుంది.

ఆ చివరి మధ్యాహ్నం నేను గింజలు పేరుస్తుంటే, ఆయన చేయి చాపి సున్నపుచుక్క గింజను తానే తీసి నా అరచేతిలో పెట్టాడు. ఆయన నాతో చివరగా చెప్పిన మాట ఇదే:

"ఈ ఆటకు నన్ను కూర్చోబెట్టు అమ్మీ. నువ్వు గెలిసేది ఒగసారన్నా సూడల్ల."