పదకొండో గుడ్డ

క్విటేరియా పోయి మూడేళ్లయింది. ఆమె గురించి మా ఊళ్లో ఎవరూ రాయరు, రాయడం వచ్చినవాళ్లు ఇద్దరమే కాబట్టి. ఒకరు మా పాదిరీగారు, ఆయనకు తిండి, నిద్ర తప్ప ఇంకేదీ పట్టదు. రెండోవాణ్ణి నేను, తోరీబియోని, ఈ చర్చిలో నలభై ఏళ్లుగా గంట కొట్టి, దీపం పెట్టి, నేల ఊడ్చేవాణ్ణి. ఆమెకు నేనొక మేలు చేశాననుకుని చేసిన పని ఉంది. అది చెప్పకుండా పోవడం నాకిష్టం లేదు.

మా చర్చి గోడ మీద, దూలం కింద, పదకొండు పసుపుపచ్చ గుడ్డలు వేలాడుతుంటాయి. మా తాతల కాలంలో, మతం తప్పినవాళ్లను విచారించే ఇంకిసిదోర్ శిక్ష వేసినవాళ్లకు తొడిగిన గుడ్డలవి. ఒక్కొక్కదాని మీద ఎర్ర సిలువ, దాని కింద మనిషి పేరు, చేసిన నేరం. మనిషి పోయినా గుడ్డ పోకూడదు. చివికితే కొత్తది కుట్టి, అదే పేరు రాసి, అక్కడే కట్టాలి. ఆ పేరున్న ఇంట్లో మగవాడికి కొలువు దొరకదు, ఆడదానికి పెళ్లి కాదు.

పదకొండోది క్విటేరియా తాతది. సాలెవాడు, మగ్గం నేసేవాడు. శనివారం పూట ఉతికిన చొక్కా వేసుకున్నాడని, పంది కొవ్వు వేసిన కూర ముట్టలేదని, అంటే చాటుగా యూదుల మతం పాటిస్తున్నాడని, ఎవడో చెప్పాడు. పట్నంలో కాల్చేశారు.

ఇంకిసిదోర్ అంటే వెతికి వెతికి అడిగేవాడని అర్థమట. పాత రోము రోజుల్లో వాసన పట్టి జాడ తీసే కుక్కనూ ఆ మాటే అనేవారని పాదిరీగారు ఒకసారి తాగినప్పుడు చెప్పారు, తెల్లారాక నేనెప్పుడన్నాను అన్నారు. మా అడవిలో కలప కొట్టేవాళ్లు ఒక పురుగును అలా పిలుస్తారు. బూడిదరంగు పురుగు, పైన్ చెట్టు బెరడు కింద ఎక్కడ పడితే అక్కడ దూరుతుంది. చలికాలంలో బెరడు ఊడదీస్తే, చెక్కపీచు చుట్టూ పేర్చుకుని ఆ గూటి మధ్య ఒంటరిగా కూర్చుని ఉంటుంది. అందరూ దాన్ని కాలితో నలిపి నవ్వుతారు. నాకు మాత్రం జాలి. అంత ఒంటరిది ఎవరిని అడగగలదు?

ఇరవై రెండేళ్ల వయసులో నాకు క్విటేరియా అంటే ఇష్టం. ఆమెకూ ఇష్టమే. మా అమ్మ ఒక్క మాటే అంది: "ఆ గుడ్డ కింద కూర్చునే పిల్ల నా ఇంట్లో పొయ్యి ముట్టించదు." చర్చి కొలువుకు రక్తం శుభ్రమని, వంశంలో అలాంటి మచ్చ లేదని, ఏడుగురు సాక్షులు చెప్పాలి. చెప్పారు. కొలువు వచ్చింది. అమ్మ చూసిన పిల్లనే చేసుకున్నాను, ఆ ఇల్లాలు పోయి పదేళ్లయింది. క్విటేరియాకు నేనేమీ చెప్పలేదు. వీధిలో ఎదురైతే తల వంచుకుని పక్కకు తప్పుకున్నాను. పిరికివాణ్ణి, దాపరికం దేనికి.

ఆమె కలప అడితి పక్కన, ఊరి చివరి ఇంట్లో ఒంటరిగా ఉండేది. కుట్టుపనితో బతికింది. ఊళ్లో పెళ్లిబట్టలన్నీ ఆమె చేతివే, ఒక్క పెళ్లికీ పిలుపు లేదు. ఆదివారం చర్చిలో ఆ గుడ్డ కిందే కూర్చునేది. పక్కన ఖాళీ. వెల్లుల్లి చారు ఒక గిన్నెడు కాచుకుని రెండు పూటలు తాగేదని పొరుగింటి బ్రీహిదా చెప్పేది. బ్రీహిదా నోటికి తాళం లేదు గానీ మనసు వెన్న.

నాకు నలభై నిండబోయే వేసవిలో చర్చి కప్పెక్కి, సరిగ్గా ఆ గుడ్డకు పైన ఉన్న పెంకు పక్కకు జరిపాను. వాన చుక్కలు చుక్కలుగా దాని మీదే పడాలి, గుడ్డ కుళ్లాలి, పేరు చెరిగిపోవాలి. అప్పటికైనా ఆమె మామూలు మనిషి అవుతుందనుకున్నాను. నేనామెకు ఇవ్వగలిగింది అదే. ప్రతి వానాకాలం కింద నిలబడి చుక్కలు లెక్కపెట్టుకునేవాణ్ణి. పిచ్చివాడిలా సంతోషించేవాణ్ణి.

ఇరవై ఏళ్లకు పేరు పూర్తిగా పోయింది. విచిత్రం, గుడ్డ మాత్రం పోలేదు. అంత తడిసినా దూలానికి పట్టుకుని వేలాడుతూనే ఉంది. ముసలి సాలెవాడు మొండివాడు అనుకున్నాను.

ఆ ఏడాదే, వెయ్యిన్ని అయిదువందల ఎనభై మూడులో, పట్నం నుంచి ఇంకిసిదోర్ వచ్చాడు. రాక్షసుణ్ణి చూద్దామని పోయినవాళ్లకు జలుబు చేసిన సన్నటి మనిషి కనిపించాడు. కంచర గాడిద మీద వచ్చి, నడుం నొప్పి అన్నాడు. ఆదివారం పూజ అయ్యాక అందరినీ కూర్చోమని, గుడ్డల కింద నిలబడి పేర్లు చదివాడు. పదోదాని దాకా చదివి ఆగాడు.

"ఇదెవరిది?"

నావైపే చూశాడు. "తెలియదు దొరవారూ. నేను కొలువులోకి వచ్చేటప్పటికే అంతే."

"పట్నంలో ఆ కాగితాలు ఎలుకలు కొట్టేశాయి. మీలో ఎవరికైనా తెలుసా?"

తెలియనివాడు లేడు. ఒక్కడూ నోరు మెదపలేదు. కొందరు జాలితో, కొందరు భయంతో. బ్రీహిదా అయితే రెండు చేతులతో నోరు మూసుకుంది, పుట్టాక మొదటిసారి.

"ఎవరికీ తెలియకపోతే ఉంచి లాభం లేదు. దించి పొయ్యిలో పడేయండి," అన్నాడు ఆయన, ముక్కు తుడుచుకుంటూ.

నాకు పట్టరాని ఆనందం. నిచ్చెన కోసం అడుగు వేశాను.

"అది మా తాతది," అంది క్విటేరియా.

లేచి నిలబడి ఉంది. "గొన్సాలో మార్తినేస్, సాలెవాడు. రాసుకోండి దొరవారూ."

ఆయన నావైపు వేలు చూపాడు. "మరి ఇతను తెలియదన్నాడే?"

"తోరీబియోకి మతిమరుపు దొరవారూ. కుర్రతనం నుంచీ అంతే."

ఊరంతా నవ్వింది. నేనూ నవ్వాను, చచ్చినట్టు. ఆ మాటే నన్ను కాపాడింది. ఆయన పేరు రాసుకుని, గుడ్డ కొత్తది చేయించమన్నాడు. ఊళ్లో కుట్టేది ఆమే కదా.

బయట మెట్ల మీద బ్రీహిదా ఆమె చెయ్యి పట్టుకుంది. "నీకేమన్నా పిచ్చి పట్టిందటే? ఊరంతా నీకోసం నోరు మూసుకుంటే, నీ అంతట నువ్వే పోయి నెత్తిన వేసుకుంటావా?"

"చారు పొయ్యి మీదుంది, మాడిపోతుంది," అని క్విటేరియా వెళ్లిపోయింది.

మర్నాడు కొత్త గుడ్డ మీద సుద్దతో అక్షరాలు గీయడానికి ఆమె ఇంటికి వెళ్లాను. ఆమెకు చదువు రాదు. నేను గీస్తే ఆమె కుట్టాలి. ముప్పై ఏడేళ్ల తర్వాత ఆ గడప దాటడం. పాత గుడ్డ బల్ల మీద పరిచి ఉంది, తిరగేసి. లోపలి వైపు చూసి సుద్ద పక్కన పెట్టాను. అంగుళం అంగుళం కుట్లు. చిన్న చిన్న కుట్లు, ఏళ్ల తరబడి వేసినవి. ఈస్టర్ ముందు గుడ్డలు దించి దులిపే పని ఆమెదే, తలుపు వేసుకుని చేసేది.

"వాన తడికి చివికిపోయేది," అంది. "గుడ్డను ఆపగలిగాను. అక్షరాలు నాకు రావు, పేరును ఆపలేకపోయాను."

"ఆ పెంకు జరిపింది నేనే క్విటేరియా," అన్నాను.

సూది ఆగింది. "ఎందుకు?"

"నీకోసం. అది పోతే నువ్వు మామూలు మనిషివి అవుతావని."

ఆమె కోప్పడుతుందనుకున్నాను. దారం కొరికి, చేతులు ఒళ్లో పెట్టుకుంది. "ఆయన్ని బూడిద చేసి నదిలో కలిపారు. సమాధి లేదు, రాయి లేదు. ఆయన పేరు ఈ భూమ్మీద ఉన్నది అక్కడొక్కచోటే. నాకు మాట్లాడటానికి ఉన్నదీ ఆయనొక్కడే. ఆదివారం ఆదివారం ఆయన పక్కన కూర్చునేదాన్ని, నువ్వేమో గుడ్డ కింద కూర్చున్నాననుకున్నావు."

కళ్లు తుడుచుకుంటున్నది నేనే. ఆమె కాదు.

"నన్నొక్క మాట అడిగి ఉంటే చెప్పేదాన్ని," అంది. "పెంకు సంగతే కాదు. ఏదైనా. నా బతుకులో నన్ను నోరు తెరిచి అడిగినవాడు ఆ జలుబు మనిషి ఒక్కడే."

సుద్ద తీసుకుని గీశాను. గొన్సాలో మార్తినేస్. ఇంత అందంగా నేనేదీ రాయలేదు. ఆ సాయంత్రమే కప్పెక్కి పెంకు సర్దాను.

ఆమెను చర్చి వెనక బీదల వరసలో పూడ్చారు. రాయి లేదు. ఇప్పుడు ఈస్టర్ ముందు గుడ్డలు దించి దులిపేది నేనే. పదకొండోదాన్ని కొంచెం నెమ్మదిగా దులుపుతాను, తలుపు తెరిచే ఉంచుతాను. ఈ కుట్టు ఎవరిదని ఎవరైనా వచ్చి అడిగితే పేరు చెప్పాలని. ఇంతవరకు ఎవరూ అడగలేదు.