విక్టర్‌కు నేను చెప్పిన మాట

1963లో ఆదిలాబాద్ జిల్లాలోని ఒక బొగ్గుగనుల ఊళ్ళో, ఆస్పత్రి సర్జికల్ వార్డులో నేను స్టాఫ్ నర్సుని. ఆపరేషన్లు అయినవాళ్ళూ, గాయాలతో వచ్చినవాళ్ళూ ఆ వార్డులోనే ఉండేవారు. వానాకాలంలో ఒక మధ్యాహ్నం విక్టర్‌ను స్ట్రెచర్ మీద తెచ్చారు. గనిలో రూఫ్ ఫాల్ అయింది, అంటే పైకప్పు కూలింది. ఎడమచేయి బండ కింద నలిగిపోయింది.

విక్టర్ ఆ ఊళ్ళో అందరికీ తెలుసు. తండ్రి కూడా గని కార్మికుడే. చర్చిలో గిటార్ నేర్చుకుని, గని ఆఫీసర్ల క్లబ్బులో దొరలు పెట్టే రికార్డులు కిటికీ అవతల నిలబడి విని, రాక్ అండ్ రోల్ తనంతట తానే పట్టుకున్నాడు. తర్వాత అదే క్లబ్బులో అతను పాడుతుంటే ఇంజనీర్ల భార్యలు కూడా లేచి చప్పట్లతో తాళం వేసేవారు. కార్మికుల నాటకాల్లో నాయకుడి వేషం అతనిదే. సెలవు పెట్టి మద్రాసు వెళ్ళి, ఒక సినిమాలో డాన్సు పాటకు హీరో వెనక గిటార్ పట్టుకుని నిలబడ్డాడు. కనిపించింది కాసేపే. అయినా ఊరంతా ఆ సినిమాకి వెళ్ళింది. విక్టర్ తల్లి, వాళ్ళ మాటలో అవ్వ, నాలుగుసార్లు చూసిందట.

ఆపరేషన్‌లో రెండు వేళ్ళు తీసేశారు. డాక్టరుగారు చేతులు కడుక్కుంటూ అన్నారు: "టెండన్లు కూడా తెగిపోయాయి సిస్టర్. మిగిలిన వేళ్ళు ఇక వంగవు. మెల్లగా చెప్పండి." టెండన్ అంటే వేలిని లాగి వంచే తాడులాంటిది.

మర్నాడు డ్రెస్సింగ్ చేస్తుంటే విక్టర్ కట్టు వైపు చూడకుండా అడిగాడు.

"సిస్టరమ్మా, మళ్ల తీగలు నొక్కొస్తదా?"

వాళ్ళ అవ్వ మంచం పక్కన నేలమీద కూర్చుని నా ముఖమే చూస్తోంది.

"పుండు మానితే వస్తది. జర ఓపిక పట్టు" అన్నాను.

ఆమె నా రెండు చేతులూ పట్టుకుని కళ్ళకద్దుకుంది.

తర్వాతి వారం ఒక నాటక కంపెనీ యజమాని విక్టర్‌ను చూడవచ్చాడు. పత్తి దిగే రోజుల్లో ఆదిలాబాద్‌లో పత్తి గింజలు తీసే జిన్నింగు మిల్లుల దగ్గర నాటకాలాడే కంపెనీ అది.

"చెయ్యికి ఫికర్ చెయ్యకు విక్టర్. రాజు యేషానికి శాలువ కప్పుతం. గొంతు ఉన్నది, మొఖం ఉన్నది. వస్తవా?"

"గిటార్ లేకుంట రాను పటేలా. చెయ్యి మంచిగైతదని సిస్టరమ్మ చెప్పింది. గా మాట మీదనే ఉన్న."

యజమాని నావైపు చూశాడు. నేను థర్మామీటర్ విదిలిస్తూ పక్క మంచం దగ్గరికి వెళ్ళిపోయాను.

ఎండాకాలంలో విక్టర్ అవుట్‌పేషెంటుకు వచ్చాడు. ఎడమ చూపుడువేలి కొసన లోతైన పుండు. స్పర్శ పోయిన ఆ వేలిని రోజూ ఇనుప తీగల మీద పెట్టి కుడిచేత్తో అదుముతున్నాడట, నెలల తరబడి. నొప్పి తెలియదు కాబట్టి ఆపలేదు.

"ఇంకెన్ని దినాలు పడ్తది సిస్టరమ్మా?"

అప్పుడు చెప్పాను. డాక్టరుగారు మొదటిరోజే అన్నదీ, నేను దాచిందీ, అన్నీ. చెబుతూనే కట్టు కట్టడం పూర్తిచేశాను.

"అప్పుడే చెప్తే ఏడ్చేటోన్ని. ఏడ్చి నాటకాలకు పోయేటోన్ని" అన్నాడు విక్టర్. "ఇప్పుడు నా జాగల వేరేటోడు చేరిండు."

గొంతులో కోపం లేదు. ఉంటే నాకు కాస్త తేలికయ్యేదేమో.

తప్పు నాదేనని రాసి, విక్టర్‌ను తీసుకోమని కంపెనీ యజమానికి ఉత్తరం వేశాను. జవాబు రాలేదు. గనివాళ్ళు అతనికి లాంప్ రూములో, దిగే కార్మికులకు దీపాలు అందించే పని ఇచ్చారు. కార్మికులు నాటకానికి పిలిచినా వెళ్ళలేదు. అతను పాడగా మళ్ళీ ఎవరూ వినలేదు.

జాలిపడి అబద్ధం చెప్పానని చాలాకాలం అనుకున్నాను. నిజానికి వాళ్ళ అవ్వ ఏడిస్తే చూసే ధైర్యం ఆ రోజు నాకు లేకపోయింది, అంతే. తర్వాతి ఉద్యోగకాలమంతా, చెడ్డ మాట చెప్పాల్సి వచ్చినప్పుడు స్టూలు లాక్కుని రోగి పక్కన కూర్చుని చెప్పాను. వాళ్ళు ఏడ్చినంతసేపూ అక్కడి నుంచి లేవలేదు.