ఫిలోమినమ్మ ఊపిరి

దెయ్యాలు, ఆత్మలు అంటే నాకు నవ్వొచ్చేది. తెనాలిలో మైకుసెట్లు బాగుచేసే పని నాది. ఎక్కడ గుయ్యిమన్నా ముందు వైరు చూస్తాను. దీన్ని కూడా అలాగే చూశాను.

మా గుడిలో గుడ్ ఫ్రైడే నాడు నాలుగు గొంతులతో లాటిన్ పాట ఒకటి పాడతాం. ఎప్పుడో విదేశీ ఫాదర్లు నేర్పింది. కాగితం మీద లేదు, ఒకరి నోట విని ఇంకొకరు నేర్చుకోవడమే. ఆడవాళ్లలో కింది గొంతును ఆల్టో అంటాం. అది మా పిన్ని ఫిలోమినమ్మకు ఒక్కదానికే వచ్చు.

ఆమెకు ఆయాసం. పాట మూడో వరుసలో, మాట మధ్యలోనే, ఠక్కున ఊపిరి పీల్చేది.

"స్టేషన్ రాకుండానే రైలాగింది పిన్నీ" అని ఏడిపించేవాణ్ని.

"నీ బొంగురు గొంతుకన్నా నయంలేరా" అనేది.

పిల్లలకు నేర్పడానికి అందరి గొంతులూ విడివిడిగా ఫోన్లో రికార్డు చేయడం మొదలుపెట్టాను. ఆయాసం తగ్గాక పాడతానంది పిన్ని. క్రిస్మస్ రాకముందే పోయింది. పిన్ని కోసం ఏడ్చాను, పాట కోసమూ ఏడ్చాను. ఆల్టో లేకపోతే ఆ పాట లేనట్టే.

గుడ్ ఫ్రైడేకి ముందొచ్చే మ్రానికొమ్మల ఆదివారం, పూజ అయ్యాక, ఆఖరిసారి పాడి వదిలేద్దామని నిలబడ్డాం. మాలో టెనర్, అంటే మగవాళ్లలో పై గొంతు, పాడే జోజప్ప తన కోడలు సునీతను తీసుకొచ్చాడు. ఆమె పుట్టింటివాళ్లది బాపట్లలో లూథరన్ కుటుంబం, మా కతోలిక పాటలు వాళ్లకు తెలియవు. ఈస్టర్ ముందటి తపస్సు కాలానికి ముందే పెళ్లయినా, అక్కడి ఉద్యోగం వల్ల మా గుడికి రావడం అదే మొదలు. ఖాళీగా ఉందని పిన్ని చోట, గోడ పక్కన నిలబెట్టాం. ఊరికే వినమన్నాను.

రెండో వరుసకు ఆ అమ్మాయి గొంతు కలిసింది. ఆల్టో! మూడో వరుసలో, మాట మధ్యలో, ఠక్కున ఊపిరి.

జోజప్ప పాడటం ఆపేశాడు. నేను ఆపలేదు. ఆపితే పోతుందేమోనని భయం వేసింది.

"ఎక్కడ నేర్చుకున్నావమ్మా?" అని అడిగాను.

"నేర్చుకోలేదండి బాబాయ్ గారూ. పక్కన ఆంటీ గారు పాడుతుంటే కలిపానండి. తప్పు పాడానా ఏంటి?"

ఆమెకు ఒక పక్క గోడ. ఇంకో పక్క నేను.

మైకు ఆపేసే ఉంది. పిన్ని పాడిన రికార్డు ఎవరి ఫోన్లోనూ లేదు. జోజప్ప ఇంట్లో ఎవరికీ ఆల్టో రాదు. సునీతకు ఆయాసమూ లేదు. నాకు తెలిసిన వైర్లన్నీ చూశాను, ఎక్కడా దొరకలేదు. ఇప్పటికీ తెలియదు.

ఆ గుడ్ ఫ్రైడేకి పాట పాడాం. సునీత గొంతు రికార్డు చేశాను. ఆ ఊపిరి కత్తిరించేద్దామా అని ఫాదర్ గారు అడిగారు. నాకు నిమిషం పని. మనసొప్పలేదు.

ఇప్పుడు అది విని నేర్చుకున్న పిల్లలందరూ అక్కడే ఊపిరి పీలుస్తున్నారు. రైలాగింది అని నా నోటిదాకా వస్తుంది. గోడ వైపు చూసి ఊరుకుంటాను.