బతికున్న మనిషికి బంతిపూల దండ

నన్ను వెక్కిరించడానికి పనికొచ్చే సంగతులు మా ఆయన దగ్గర చాలానే పోగయ్యాయి. వాటన్నిటిలో పెద్దపీట మాత్రం భూగోళానికి అడుగున మేముండే పాపకూర అనే ఊళ్ళో మా పక్కింటి ఫోటోకి పడిన దండదే. ఎవరైనా భోజనానికి వస్తే చాలు, పులుసు వడ్డించేలోపే మొదలుపెడతారు. ఆయన చెబితే నా ఏడుపు మలుపులో పాలూ రొట్టే అమ్మే డైరీ కొట్టు దాకా వినిపిస్తుంది. అంత దూరమేమీ పోలేదు. సగం వీధి దాకా పోయుంటుంది. అందుకని నేనే చెబుతాను.

పక్కింటావిడది యుక్రెయిన్. నేను అయిదో తరగతితో బడికి దండం పెట్టేసినదాన్ని. ఆవిడ బాగానే చదువుకుంది కానీ, ఆ చదువులో ఇంగ్లీషు లేదు. అయినా కంచె దగ్గర నిలబడ్డామంటే పొయ్యి మీద పాలు పొంగిపోవలసిందే.

మా స్నేహం బంతిపూలతో మొదలైంది. వేసవిలో మా పెరడంతా బంతే. ఒకరోజు ఆవిడ కంచె మీదుగా చెయ్యి చాచి, ఒక పువ్వు నలిపి వాసన చూసి, "మై మదర్ ఫ్లవర్," అంది. వాళ్ళ ఊళ్ళో ప్రతి గుమ్మం ముందూ ఇవేనట. బంతిపువ్వు మన సొంతమనుకుని అన్నాళ్ళూ మురిసిపోయిన నేను కాస్త చిన్నబుచ్చుకున్నాను కూడా. నా వంట మాత్రం ఆవిడకు పడలేదు. ఏం పంపినా "వెరీ నైస్" అంటూనే కళ్ళు తుడుచుకుని నీళ్ళ గ్లాసు అందుకునేది. కారం తగ్గించానని నేననేదాన్ని. తగ్గలేదని ఆవిడ ముక్కు చెప్పేది.

ఆ ఏడాది ఇక్కడ వేసవి చివర్లో, అక్కడింకా చలికాలం పోకముందే యుద్ధం వచ్చింది. వాళ్ళమ్మ ఉండే ఊరు రష్యా సరిహద్దుకు దగ్గర. రాజధాని మీదికి పోతున్న సైన్యం ఆ ఊళ్ళో దిగిపోయి, బడిలో మకాం పెట్టింది. కరెంటు పోయింది, ఫోను టవరు పోయింది. కోళ్ళను వదిలి రానని పెద్దావిడ అక్కడే ఉండిపోయింది. అప్పటినుంచి కంచె దగ్గర మా మాటలు రెండే.

"మదర్ ఫోన్?" అని నేను.

"నో ఫోన్," అని ఆవిడ.

ఏం చెయ్యాలో తోచక ఒకరోజు బంతిపూలు కోసి రెండు దండలు గుచ్చాను. ఒకటి మా దేవుడికి వేసి, రెండోది ఆవిడ చేతిలో పెట్టి, "గాడ్," అని పైకి చూపించాను. వాళ్ళ దేవుడి పటానికి వేసుకుంటుందని నా ఉద్దేశం.

మర్నాడు బట్టలు ఆరేస్తుంటే ఆవిడ ముందుగది కిటికీలోంచి గోడ మీది ఫోటో కనిపించింది. తలకు రుమాలు కట్టుకుని నవ్వుతున్న పెద్దావిడ. ఫోటో చుట్టూ దండ.

నా చేతిలో తడి చీర జారిపోయింది. ఫోటోకి దండ పడిందంటే ఏమిటో మన వైపు పసిపిల్లలకు కూడా తెలుసు. ఆ దండ నేను గుచ్చిందేనన్న సంగతి మాత్రం నాకు తట్టలేదు. పైగా, పూలింకా తాజాగా ఉన్నాయి కాబట్టి కబురు ఇవాళే వచ్చి ఉంటుందని ఊహించాను. నా తెలివి అలాంటిది.

"అయిపోయిందండీ, పెద్దావిడ పోయింది," అన్నాను ఇంట్లోకి వచ్చి.

"ఎవరు చెప్పారే?"

"ఇంకొకరు చెప్పాలా? ఫోటోకి దండ వేసేసింది!"

ఆయన వెంటనే లేచి టీవీ కట్టేశారు. ఈ ముక్క భోజనాల దగ్గర చెప్పరు.

చావింట పొయ్యి వెలగదు, ఇరుగుపొరుగే అన్నం పంపాలి. కారం వెయ్యకుండా, పోపు పెట్టకుండా పప్పు వండాను. తలలో పూలు తీసేసి, గిన్నెలు పట్టుకుని వెళ్ళాను. ఆవిడ తలుపు తియ్యగానే ముందు గిన్నెలు కింద పెట్టాను. ఏడ్చేటప్పుడు రెండు చేతులూ ఖాళీగా ఉండాలి కదా. ఆవిడ మెడ చుట్టేసి, "ఓయమ్మో, ఎంత పనైపోయిందే తల్లీ," అని అందుకున్నాను. మా అమ్మ పోయినప్పుడు టిక్కెట్టు దొరక్క ఇక్కడే ఉండిపోయాను. అప్పుడు ఏడవని ఏడుపు కూడా అందులో కలిసింది.

ఆవిడ నన్ను విదిలించుకుని భుజాలు పట్టుకుంది. "వాట్ యూ నో? హూ టెల్ యూ?"

నేను ఫోటో వైపు చెయ్యి చూపించాను. ఆవిడ ఫోటోని చూసింది, నన్ను చూసింది, గుమ్మంలోనే కూలబడిపోయింది. మా ఇంట్లో పొద్దస్తమానం వార్తలు మోగుతుంటాయి కాబట్టి, నాకేదో తెలిసి చెప్పడానికొచ్చానని ఆవిడ అనుకుంది. ఇంతసేపూ బిగబట్టుకున్న దుఃఖం ఇప్పటికి బయటపడిందని నేననుకున్నాను. తోడుగా ఇంకాస్త గట్టిగా ఏడ్చాను.

వెనకాలే మా ఆయన వచ్చారు. శాండ్రింగ్‌హామ్ పేట హోటల్లో వంట చేస్తూ నేర్చుకున్న ఇంగ్లీషుతో ఫోనెప్పుడు వచ్చిందని అడిగారు.

"నో ఫోన్! షీ టెల్!" అని ఆవిడ నన్ను చూపించింది.

ఆయన దండ వైపు తేరిపార చూశారు. "ఏమే, అవి మన పెరట్లో పూలు కావూ?"

"నేనే ఇచ్చాను. దేవుడికి."

"దేవుడికిచ్చి మనిషిని చంపేశావా?"

ఫోటోకి దండంటే మాలో ఏమిటో ఆయనే ఆవిడకు విడమరిచి చెప్పారు. ఆవిడ గబుక్కున లేచి, కాలుతున్న గిన్నెను దించినట్టు రెండు చేతులతో ఆ దండ తీసింది. అమ్మకిష్టమైన పూలని ఫోటోకి వేసింది పాపం. తీసిందిగానీ, ఎక్కడ పెట్టాలో తెలియక అలాగే నిలబడిపోయింది. ఆవిడ ముఖం చూడలేక దండ అందుకుని వీధి గుమ్మానికి కట్టాను. "డోర్, గుడ్. వెడ్డింగ్, బేబీ, ఆల్ గుడ్," అని నాకొచ్చిన మంచి మాటలన్నీ అప్పజెప్పాను.

ఆవిడ నవ్వలేదు. మెట్టు మీద కూర్చుని, గిన్నె మూత తీసి, ముక్కు చీదుకుంటూనే మొత్తం తినేసింది. "టుడే ఫుడ్, రియల్లీ నైస్," అంది. నీళ్ళు అడగలేదు.

ఆ తరవాత కంచె దగ్గరకు పోవాలంటే జంకేదాన్ని. చెడ్డ కబురు గనక వస్తే, దాన్ని నా ఏడుపే పిలిచిందనుకునేదాన్ని. గుమ్మం మీద దండ ఎండి ముడుచుకుపోయింది. ఆవిడ తియ్యలేదు, నేనూ తియ్యమనలేదు.

ఒక సాయంత్రం ఆవిడే మా తలుపు దబదబా బాదింది. తీసి చూస్తే ఏడుస్తోంది. తలలో పూలు తీసెయ్యబోయాను. అప్పుడు చేతిలో ఫోను నా వైపు తిప్పింది. అందులో ఆ రుమాలు, ఆ నవ్వు!

సైన్యం వచ్చిన దారినే సరిహద్దు దాటి వెళ్ళిపోయిందట. పెద్దావిడ పక్కవాళ్ళతో కలిసి, బంగాళాదుంపలు దాచుకునే నేలకొట్లో ప్రాణాలు కాపాడుకుందట. కోళ్ళన్నీ సైనికులు తినేశారట. ఆ ముక్క చెబుతూ పెద్దావిడ తిట్టిన తిట్లు భాష రాకపోయినా అర్థమయ్యాయి. గుమ్మం ముందు బంతిమడిని ట్యాంకు తొక్కేసిందని చెప్పేటప్పుడు మాత్రం గొంతు తగ్గిపోయింది.

కూతురు వాళ్ళ భాషలో మా కథ ఎత్తుకుంది. నా ఏడుపు కూడా నటించి చూపించింది, రాగంతో సహా. పెద్దావిడ పడీపడీ నవ్వి, ఏదో అడిగింది.

"మదర్ ఆస్కింగ్," అంది కూతురు. "ఫోటో, డెడ్. నెక్?"

"నెక్ గుడ్," అన్నాను. "నెక్, లివింగ్. బిగ్ రెస్పెక్ట్."

ఆ మాట అటు చేరింది. పెద్దావిడ రుమాలు సర్దుకుని, తెరలో మెడ వంచింది.

ఇంకేముంది, పక్కింటి గుమ్మానికి పరుగెత్తి ఎండుదండ విప్పుకొచ్చాను, దారి పొడవునా రేకులు రాల్చుకుంటూ. ఫోను చుట్టూ వెయ్యబోతుంటే మా ఆయన కేక పెట్టారు: "మళ్ళీ అదే పనా! ఫోనుకి వేస్తే ఫోటోకి వేసినట్టు కాదటే?"

చటుక్కున ఆగి, దాన్ని తీసుకెళ్ళి కూతురి మెడలో వేశాను. తెరలో పెద్దావిడ మాత్రం దండ పడేదాకా ఎత్తనన్నట్టు ఇంకా తల వంచుకునే ఉంది.